ఎస్.కె. ఎంటర్‌ప్రైజెస్ ఎవరు?

"ఈ ఎస్.కె. ఎంటర్‌ప్రైజెస్ ఎవరే?" అన్నాడు చెకింగాయన, కార్డు స్టేట్‌మెంటు మీద వేలు పెట్టి.

మాత్రలూ నీళ్లూ తెచ్చిన భార్య స్టేట్‌మెంటు వైపు చూడకుండా గ్లాసు బల్ల మీద పెట్టింది.

"నాకేం తెలుసండీ. ఏ మందుల షాపో అయ్యుంటుంది."

"మందుల షాపుకి ఇంత బిల్లా? నేనేమన్నా ఏనుగునా?"

ఆవిడ నవ్వలేదు. ఇదివరకైతే "కాదు, గున్న ఏనుగు" అనేది.

రైళ్లలో టికెట్లు తనిఖీ చేస్తూ ఆయన తల నెరిసిపోయింది. వీధిలో కూడా ఆయన్ని చెకింగాయన అనే అంటారు. టికెట్ లేనివాడు పెట్టెలోకి అడుగు పెడితే చాలు, మొహం చూసి పట్టేసేవాడు. గుమ్మడికాయల దొంగ అనకముందే ఎవడు భుజాలు తడుముకుంటాడో ఆయనకు తెలిసిపోయేది. కడుపులో ఏదో పుండుందని కోసి, కుట్టి, ఇంట్లో విశ్రాంతి తీసుకోమని పంపేశాక, తనిఖీకి ఆయనకు ఇల్లొక్కటే మిగిలింది. తీరా చూస్తే దొంగ ఇంట్లోనే ఉన్నట్టుంది.

"పోనీలెండి. పోయిన డబ్బు ఎటూ పోయింది" అంది భార్య.

చిల్లర తక్కువిచ్చిందని కూరగాయలమ్మే ఆవిడతో వీధి చివరిదాకా నడుస్తూ వాదించే మనిషి అనాల్సిన మాటేనా అది?

అసలు కొన్నాళ్లుగా ఆవిడ వరస బాగాలేదు. పోట్లాడటం మానేసింది. కూర ఉప్పగా ఉందంటే "అవునండీ" అంటోంది, చప్పగా ఉందన్నా "అవునండీ" అంటోంది. పెళ్లాం పోట్లాడటం కూడా మానేసిందంటే ఆమె మనసు ఇంట్లో లేనట్టేనని ఆయన లెక్క. పైగా తమ్ముడితో ఫోన్లో గుసగుసలు. ఈయన గదిలోకి రాగానే "సరేరా, తర్వాత మాట్లాడతా" అని పెట్టేస్తోంది. ఆ బావమరిది ఒకప్పుడు పిలిచినా వచ్చేవాడు కాదు. ఇప్పుడు పిలవకుండానే వారం వారం దిగుతున్నాడు. వచ్చినవాడు బావ కళ్లలోకి చూడడు, నేల చూపులు చూస్తాడు. టికెట్ లేనివాళ్ల చూపే అది.

భార్య స్నానానికి వెళ్లగానే చెకింగాయన బ్యాంకుకి ఫోన్ చేశాడు.

"ఆ కొనుగోలు మీరు చేయలేదంటే ఇప్పుడే కార్డు బ్లాక్ చేసి కంప్లైంట్ రాసుకుంటాను సర్" అంది అవతలి అమ్మాయి.

"ఆగమ్మా. ముందు ఆ కంపెనీ సంగతేంటో చెప్పు."

"బోర్డు మీద ఒక పేరుంటుంది సర్, బిల్లులో ఇంకో పేరు పడుతుంది. ఇది మీ ఊళ్లోదే. కట్టడం సామాన్ల కింద ఉంది. కార్డు పెట్టి, పిన్ నొక్కి కట్టారు. మీ పిన్ ఇంకెవరికైనా తెలుసా సర్?"

తెలుసు. ఒక్క మనిషికి తెలుసు.

"కంప్లైంటొద్దులేమ్మా. ఆ కొట్టు నంబరుంటే ఇవ్వు" అన్నాడు నీరసంగా.

కట్టడం సామాన్లు. తీగ దొరికింది, డొంకంతా కదిలింది. అక్కా తమ్ముడూ కలిసి ఎక్కడో ఇల్లు కట్టుకుంటున్నారు. రోగిష్టి మొగుణ్ణి వదిలేసి ఆవిడ తమ్ముడి పంచన చేరబోతోంది. ఇంటి దొంగను ఈశ్వరుడైనా పట్టలేడంటారు. సరే, తను పట్టాడు. పట్టి ఏం చేసుకోవాలి? ఈ వయసులో ఇంత ముద్ద పెట్టే మనిషి కూడా వెళ్లిపోతే ఇక ఈ బతుకెందుకు? అరిచి అడగడానికి కూడా ఆయనకు ఓపిక లేదు. గోడవైపు తిరిగి పడుకుని, చప్పుడు లేకుండా ఏడ్చాడు.

మర్నాడు ఆవిడ బజారుకి వెళ్లిన సందు చూసి, కడుపు చేత్తో పట్టుకుని బస్సెక్కాడు. కొట్టుకి ఫోన్ చేస్తే వాళ్లు చెప్పిన గుర్తులు సరిపోయాయి. కలప డిపో వెనక రేకుల షెడ్డు. రాళ్ల కొట్టది. వంటగట్లు, గడపలు, గుమ్మాల పక్కన బిగించే పేరుపలకలు గోడకి ఆనించి ఉన్నాయి. ఆయన్ని చూసి, రాయి చెక్కేవాడు మిషను ఆపి ముక్కుకి కట్టుకున్న గుడ్డ దించాడు.

"కార్డు మీద కట్టి వెళ్లింది, ఒకావిడ. సన్నగా ఉంటుంది, కళ్లజోడు..."

"తమ్ముణ్ణి వెంటబెట్టుకొచ్చారు, ఆవిడేనా? మీరు వాళ్లింటివాళ్లా?"

"ఇంటివాణ్ణే. ఇంతకీ ఇల్లు ఎక్కడ కడుతున్నారు?"

"ఇల్లేంటండీ? ఆవిడ చెప్పింది ఒక్క పలకే. పనైపోయింది, చూపిస్తా ఉండండి."

మూల నుంచి గోనెపట్టా చుట్టిన నల్లరాయిని జరుపుకొచ్చాడు. పట్టా పైకొస కాస్త తొలగించి, తడిగుడ్డతో దుమ్ము తుడిచాడు. చెకింగాయన వంగి చూశాడు. ఇంటిపేరుతో సహా తన పేరు. గుండ్రటి అక్షరాలు, లోపల బంగారు రంగు.

పేరుపలక.

ఇన్నేళ్లుగా ఆ గుమ్మానికి పేరే లేదు. పెట్టాలన్న ఆలోచన ఆయనకీ రాలేదు. పిచ్చిది, తనకి తెలియకుండా చేయించి గుమ్మానికి బిగించాలనుకుందన్నమాట. అందుకేనన్నమాట ఆ గుసగుసలు, ఆ నేల చూపులు. చెకింగాయన సిగ్గుతో చచ్చిపోయాడు. కళ్లు తుడుచుకున్నాడు. కూర ఎలా ఉన్నా ఇక నోరెత్తకూడదు అనుకున్నాడు.

"బాగుందయ్యా" అన్నాడు, అక్షరాలు నిమురుతూ. "చాలా బాగా చెక్కావు."

మెప్పుకి పొంగిపోయిన చెక్కేవాడు గోనెపట్టా పూర్తిగా కిందికి లాగాడు.

"పేరు కింద పుట్టిన తేదీ కూడా చెక్కేశానండీ, దాని పక్కన రెండో తేదీకి మాత్రం చోటు వదిలేయమన్నారు, ఈ నెలలోనే చెబుతామన్నారు అమ్మగారు."