మట్టి తినే మొహం

“కట్!” అని అరిచాడు శశికుమార్. “అవ్వా, నువ్వు తింటాండేది మట్టి. అది గుర్తు పెట్టుకో!”

బయమ్మ దున్నిన చేని సాలులో బాసింపట్టు వేసుకుని కూర్చుని ఉంది. నోట్లోది మింగలేక మింగి, “గుర్తుండాది నాయనా,” అంది.

గుర్తుంటే మొహం అట్లాగా ఉండేది? శశికుమార్‌కు ఏడుపొచ్చింది.

పాపం, ఆ పిల్లోడి తిప్పలు ఒకటీ అరా కాదు. అతను తీసేవన్నీ పొట్టి సినిమాలు. పాట ఉండదు, ఫైటు ఉండదు. పోయినసారి ఒక రైతు ఎండిపోయిన బోరుకు తాళి కట్టినట్టు తీశాడు. చూడవచ్చిన వాళ్ళలో సగం మంది మధ్యలోనే లేచిపోయారు, తక్కినవాళ్ళు పగలబడి నవ్వారు.

ఈసారి ఎవరూ నవ్వకూడదు. వాన లేని చేలో ఒక ముసలామె మట్టి తీసి తింటుంది. మాట్లాడదు. మనకేసి చూస్తుంది. అంతే సినిమా. చూసినవాళ్ళకు ఆ పూట ముద్ద దిగకూడదు. ఆ ఒక్క పిడికెడు నిజమనిపిస్తే పోటీకి పంపుతాడు. లేదంటే కెమెరా వదిలేసి, ఉరవకొండలో తండ్రి ఎరువుల అంగట్లో కూర్చుంటాడు. ఇంట్లో అట్లా మాట ఇచ్చి మరీ వచ్చాడు.

మట్టి తినే వేషం అనగానే ఊళ్ళో ఆడవాళ్ళు కొంగు నోటికి అడ్డం పెట్టుకుని తప్పుకున్నారు. బయమ్మ ఒక్కతే సరేనంది. అంతమాత్రాన పెద్దామెకు నిజం మట్టి పెడతాడా? వేయించిన రాగిపిండిలో బెల్లం తురిమి, స్వయంగా కలిపి తెచ్చి, సాలులో విస్తరాకు పరిచి కుప్ప పోశాడు. ఆకు అంచులు మట్టితో కప్పాడు. ఏది పిండో ఏది మన్నో కెమెరా పట్టిన గిరికే తెలియలేదు.

“ఇంకోసారి! తీపి తిన్నట్టు కాదవ్వా, మట్టి తిన్నట్టు!”

కెమెరా ఆమె మొహం మీద, శశికుమార్ కళ్ళు తెర మీద. బయమ్మ పిడికెడు నోట్లో పోసుకుంది. నమిలింది. ఆగి, ఏదో వేలితో తీసి పారేసింది.

“కట్! అదేం చేష్ట?”

“రాయప్పా.”

“రాయి తీసినట్టు చేయమని నేను చెప్పినానా? ఓవరాక్షన్ వద్దు. మట్టి తినే మనిషి రాళ్ళు ఏరుకుంటుందా?”

“ఏరుకోదా?” అంది బయమ్మ ఆశ్చర్యంగా.

గిరి కిసుక్కున నవ్వాడు.

మళ్ళీ తీస్తే దగ్గింది, కళ్ళలో నీళ్ళు తిరిగాయి. నాటకాల ఏడుపు వద్దన్నాడు. ఆ తర్వాత ఏమీ చేయకుండా మెల్లగా నమిలి మింగింది.

“మొహంలో ఏమీ లేదే! ఎప్పుడైనా మట్టి తిన్నావా అవ్వా?”

“చిన్నప్పుడు తిన్యా. మాయమ్మ చీపురుకట్ట తిరగేసింది.”

“ఆ రుచి తలుచుకో!”

ఎంత తలుచుకున్నా ఆ మొహం అంతే. పొద్దు కొండ వెనక్కి జారింది. వెలుతురు చాలదన్నాడు గిరి.

శశికుమార్ సాలులోనే కూలబడి తీసినవన్నీ చూశాడు. ఒక్కదాంట్లోనూ ఆమె మట్టి తిన్నట్టు లేదు. అంతా అబద్ధమని చిన్నపిల్లకాయలైనా పట్టేస్తారు. ఒక్కొక్కటే చెరిపేశాడు. అన్నీ పోయాక తండ్రికి ఫోన్ చేసి, రేపటి నుంచి అంగడికి వస్తానన్నాడు.

బయమ్మ నోరు పుక్కిలించి వచ్చి, విస్తరాకు మూట అతని చేతిలో పెట్టింది.

“ఇదో నీ రాగిపిండి, వేలు గూడా పెట్టలేదు, శనివారం నాకు ఒక్కపొద్దు నాయనా, పొద్దు మునిగేదాకా తిండి ముట్టను, అందుకే నువ్వు తినమన్నప్పుడంతా పక్కనుండే మన్నే తింటి.”