గడప మీద నెత్తురు

ఘిజ్లాన్ మళ్లీ బకెట్ నీళ్లు కుమ్మరించింది. గడప రాయిలోకి ఇంకిన నెత్తురు మాత్రం వదల్లేదు. ఏడో నెల కడుపుతో వంగి తోముతున్న భార్య చేతిలోంచి చీపురు లాక్కున్నాడు జువాద్.

"ఎవరో చూశావా?"

"ఎవరో ముసలాయన. నీలం ఉన్ని టోపీ, కుడికాలు ఈడుస్తున్నాడు. నేను తలుపు తీసేసరికే గొర్రె మెడ తెగి ఉంది. ఏదో చెప్పబోయాడు. నాకు గుండె ఆగినంత పనై తలుపేసేశాను."

ఆ నడక ఎవరిదో లరాష్ పట్నంలో అతనొక్కడికే తెలుసు. కొండల్లోని సొంతూరు అజ్రూలో తనకు ఫుట్‌బాల్ నేర్పిన లహ్బీబ్ మాస్టారిది. డెబ్బై దాటిన మనిషి అంత దూరం బస్సులో పడి వచ్చి, తన గుమ్మంలో గొర్రెను కోసి వెళ్లారు.

అజ్రూ వైపు ఒకరి గడప మీద గొర్రెను కోశారంటే ఆ ఇంటివాణ్ణి వేడుకున్నట్టు. అడిగింది ఎంత కష్టమైనా చేసి తీరాలి. కాదంటే ఆ నెత్తురు ఇంటి మీద పడుతుందంటారు. ఎలా పడుతుందో ఎవరూ విడమరిచి చెప్పరు గానీ, కాదన్న ఇళ్లను వేలెత్తి చూపిస్తారు. నెత్తురు చూశాక కూడా పెద్దవాడి చేత నోరు తెరిపించి అడిగించుకోవడం మరీ సిగ్గుచేటు. అందుకే జువాద్ ఫోన్ జోలికి పోలేదు.

అయినా అడగడానికేముంది? ఆ సాయంత్రమే లీగ్‌లో ఆఖరి ఆట, లరాష్‌కూ అజ్రూకూ. ఓడితే అజ్రూ రెండో డివిజన్‌కు పడిపోతుంది. సమంగా ముగిస్తే చాలు, గట్టెక్కుతుంది. లరాష్ జట్టులో గోల్స్ కొట్టేవాడు జువాద్ ఒక్కడే.

చిన్నప్పుడు ఒక ఆటలో అవతలి గోల్‌కీపర్‌కు అప్పుడే తండ్రి పోయాడని తెలిసి, జువాద్ బంతిని మెల్లగా వాడి చేతుల్లోకే తన్నాడు. లహ్బీబ్ మాస్టారు ఆ ఏడాదంతా అతన్ని బెంచి మీద కూర్చోబెట్టారు. నీకు జాలి ఎక్కువ, ఈ ఆటలో అదే నిన్ను తినేస్తుంది అని అందరి ముందూ తిట్టారు. అలాంటి మనిషే ఇవాళ జాలి అడుక్కోవడానికి వచ్చారంటే ఊరు ఏ స్థితికి దిగజారిందో అనుకున్నాడు జువాద్. కళ్లు చెమ్మగిల్లాయి.

కానీ తన సంగతేమిటి? అజ్రూ తర్వాత ఫెస్, ఊజ్దా, అగాదీర్, మళ్లీ ఊజ్దా, ఇప్పుడు లరాష్. ఏ క్లబ్బూ రెండు సీజన్లకు మించి ఉంచుకోలేదు. సముద్రం అవతలి పెద్ద క్లబ్బుల నుంచి పిలుపు వస్తుందని ఎదురుచూస్తూనే ముప్పై నాలుగు నిండాయి. లరాష్ క్లబ్ అధ్యక్షుడు హజ్ తుహామికి మొహమాటాలు తెలియవు. ఇవాళ గోలు కొడితే ఇంకో ఏడాది ఉంటావు, లేదంటే తట్టాబుట్టా సర్దుకో అని జట్టంతా వింటుండగానే చెప్పేశాడు. ఈ వయసు ఫార్వర్డును మరొకరు తీసుకోరు. ఆట తప్ప అతనికి ఇంకో పని రాదు.

మాంసం మసీదు దగ్గర పేదలకు పంచి వచ్చేసరికి ఘిజ్లాన్ పుదీనా టీ పోసింది. ఇద్దరూ ముట్టుకోలేదు.

"ఏం చెయ్యమంటావు?" అన్నాడు.

ఆమె కడుపు మీద చెయ్యి వేసుకుంది. "పొద్దున్నించీ కదలడం లేదు."

ఆస్పత్రికి తనూ వస్తానన్నాడు జువాద్. వద్దంది. అక్కతో కలిసి వెళ్తానని, అతను చెయ్యాల్సింది మైదానంలోనే ఉందని, కళ్లలోకి చూడకుండా చెప్పింది.

ఆట మొదలయ్యేసరికి సముద్రం మీంచి పొగమంచు కమ్మేసింది. రెండు జట్లకూ గోల్స్ లేవు. జువాద్ పరుగెత్తాడు, పడ్డాడు, లేచాడు. అదృష్టం కొద్దీ బంతి సరిగ్గా కాలికి అందలేదు. మనసులో దేవుడికి దణ్ణం పెట్టుకున్నాడు. ఇంకాసేపట్లో అయిపోతుందనగా రిఫరీ లరాష్‌కు పెనాల్టీ ఇచ్చాడు.

పెనాల్టీలు ఎప్పుడూ అతనివే. బంతిని చుక్క మీద పెడుతుంటే అజ్రూ నుంచి వచ్చినవాళ్ల గ్యాలరీలో అరుపులు ఆగిపోయాయి. ఆడవాళ్లు చేతులతో ముఖాలు కప్పుకున్నారు. జువాద్‌కు గోలు కనపడలేదు. ఎంత తోమినా వదలని ఆ రాయే కనపడింది. కళ్లు మూసుకుని బంతిని పైకి లేపాడు. అది గోలుపోస్టు అడ్డకర్ర మీంచి పొగమంచులోకి పోయింది.

అజ్రూ బతికిపోయింది. లరాష్ గ్యాలరీలో ఈలలు, బూతులు మొదలయ్యాయి. డ్రెస్సింగ్ రూమ్‌లో తోటి ఆటగాళ్లు అతని పక్క నుంచి జరిగి కూర్చున్నారు. హజ్ తుహామి గుమ్మంలోంచే, గొంతు పెంచకుండా అన్నాడు.

"పుట్టినూరి రుణం తీర్చుకున్నట్టున్నావు. ఇక అక్కడికే పో."

జువాద్ సంచీ భుజాన వేసుకుని బయటికొచ్చి ఘిజ్లాన్‌కు ఫోన్ చేశాడు. మోగి మోగి ఆగిపోయింది. ఉద్యోగం పోయినందుకు అతనికి ఏడుపు రాలేదు. చెయ్యాల్సింది చేశాను, ఇక ఇంటికి ఏ కీడూ లేదు అనుకుంటే గుండె తేలికపడింది.

మైదానం గోడకు ఆనుకుని లహ్బీబ్ మాస్టారు నిలబడి ఉన్నారు. జువాద్ వెళ్లి ఆయన భుజం ముద్దు పెట్టుకున్నాడు.

"మాస్టారూ, మీ మాట దాటలేదు. అడిగింది చేశాను."

ముసలాయన అతని ముఖంలోకి చూస్తుండిపోయారు. పొద్దున ఆ అమ్మాయి చెప్పనివ్వలేదని గొణిగి, జువాద్ చెయ్యి రెండు చేతుల్తో పట్టుకున్నారు.

"నీ జాలి సంగతి తెలిసే, గోలు కొట్టమని అడగడానికి వచ్చాన్రా."