నివిర అంటే ఏమిటి

లైబ్రరీలో ఉన్న రెండు నిఘంటువులూ వెతికాను. నివిర అనే మాట లేదు. పదో తరగతి సర్టిఫికెట్ రాకముందే పేరు మార్చుకోవాలని దరఖాస్తు రాసి, వేలిముద్ర కోసం నానమ్మ ముందు పెట్టాను.

నానమ్మ రోజుకి పదిసార్లు నన్ను ఆ పేరుతో పిలుస్తుంది. “ఏంటి?” అంటే “ఏం లేదే” అంటుంది.

“అర్థం లేని పేరెందుకు పెట్టావు నానమ్మా? డిగ్లీపూర్ బడంతా నవ్వుతోంది.”

ఆమె వల అల్లడం ఆపింది. “నేనే కల్పించినాను. మనింట పుట్టినోలికి పోయినోల పేర్లే పెడతారు. మీ ముత్తాత పేరు మీ నాన్నకెట్టినాం. ఇద్దరూ సముద్రంలోనే పోయినారు. ఒడ్డున నిలబడి ఆ పేరు ఎంత పిలిచినా పలకలేదు. నువ్వు పుట్టినాక, ఎవులికీ లేని పేరు కావాలనుకున్నాను. బస్, అంతే.”

నేను కాగితం వెనక్కి తీసుకోబోయాను. ఆమె లాక్కుని వేలిముద్ర వేసేసింది.

“మార్చుకోయే. పిలిస్తే మాత్రం పలుకు.”

నేను వాకిట్లోకి వెళ్ళానో లేదో, లోపలినుంచి కేక వినబడింది.

“నివిరా!”

“ఉన్నాను నానమ్మా,” అన్నాను. ఏంటని అడగలేదు.