భోజనాల దగ్గర కబుర్లు

“ఇవాళ డిపోలో మేనేజరు చేత తిట్లు తిన్నాను,” అంటూనే బస్సు డ్రైవరు నాలుక కరుచుకున్నాడు.

భార్య గుడ్లురిమింది. భోజనాల దగ్గర తిండి మాట ఎత్తొద్దని డాక్టరమ్మ మరీ మరీ చెప్పింది. బరువు తగ్గితే పరుగు పందేల్లో ఇంకా వేగంగా పరుగెత్తొచ్చని తిండి తగ్గించడం మొదలుపెట్టి, కూతురు చివరికి తిండే మానేసి చిక్కి శల్యమైంది. అది మొండితనం కాదు, జబ్బేనని, నెమ్మదిగా నయమవుతుందని తేల్చింది కూడా ఆవిడే.

“మరి తిట్లు తినక తాగుతారటే?” గొణిగాడు డ్రైవరు.

“నా బుర్ర తినకండి!” అనేసి, భార్య కూడా చప్పున నోరు మూసుకుంది.

కూతురు ఫక్కున నవ్వింది. ఆ ఇంట్లో ఆ నవ్వు వినపడి నెలలైంది.

“ఆ మాటంటే నాకేం భయం లేదు నాన్నా. నువ్వు నా కంచంలోకే చూస్తూ కూర్చుంటావు చూడు, అప్పుడే ముద్ద దిగదు.”

డ్రైవరు ఉలిక్కిపడ్డాడు. ఇన్నాళ్లూ పిల్లను కనిపెట్టుకుని ఉన్నాననుకున్నాడే గాని, ఆ చూపే దాని గొంతుకడ్డం పడుతోందని తోచలేదు. తలెత్తి కూతురి మొహంలోకి చూశాడు. కళ్లు కొంటెగా మెరుస్తున్నాయి.

“ఇంతకీ ఎందుకు తిట్టారు?” అడిగింది.

“స్టాపులో జనం చేతులూపుతుంటే, నాకేదో టాటా చెబుతున్నారనుకుని నేనూ చెయ్యూపి వెళ్లిపోయానే!”

ఆ కథ చెప్పడంలో పడి, కూతురు మొదటి ముద్ద ఎప్పుడు నోట్లో పెట్టుకుందో డ్రైవరు చూడనే లేదు.