చేటెడు తవుడు

నిచ్చెన మీద మిల్లు కుర్రాడు దొరబాబు. నిచ్చెన కింద ఒక ముసలమ్మ.

పైవాడు కొత్త బోర్డు బిగించాలంటాడు. కిందావిడ నిచ్చెన కాలు వాటేసుకుని వదలనంటుంది.

"మామ్మా, వదులు! పడ్డానంటే నడుం ఇరుగుద్ది."

"బోర్డు దింపు, వదుల్తాను."

గోల విని మిల్లు ఓనరు తవిటయ్య బయటికొచ్చాడు.

సామర్లకోట రోడ్డులో ఆ రైసుమిల్లు తెలియనివాళ్ళు లేరు. ఓనరు పేరు విని నవ్వనివాళ్ళూ లేరు. చిన్నప్పుడు బళ్ళో మాస్టారు "తవిటయ్యా" అని హాజరు పిలిస్తే, అతనికంటే ముందు కిటికీ అవతల గేదెలు పలికేవట. అందులో ఒక గేదెకైతే ఏడాది పొడుగునా హాజరు పడి, పై క్లాసుకి కూడా వెళ్ళిపోయిందని ఊళ్ళో ఇప్పటికీ చెప్పుకుంటారు.

అప్పట్లో తవిటయ్యా నవ్వేవాడు. ఇప్పుడు నవ్వు రావడం లేదు. హైదరాబాదు బేరగాళ్ళు ఫోన్ చేసి, ఇతను పేరు చెప్పగానే, "తవుడు కాదండీ, మాకు బియ్యం కావాలి" అంటున్నారు. అందుకే పంతులుగారి చేత మంచి పేరు చూపించి, గెజిట్‌లో వేయించుకుని, ఎర్ర లైట్ల బోర్డు చేయించాడు.

ప్రొప్రైటర్: తేజేశ్వరరావు.

"ఏంటి మామ్మా ఈ గొడవ?"

ఆమె పేరు అచ్చియ్యమ్మ. కాలవ అవతలి ఊరు. ఏటా దాళ్వా పంట కోతలయ్యాక, ఎండాకాలంలో వచ్చి మిల్లు గేటు దగ్గర నిలబడుతుంది. "బాగున్నావా తవిటయ్యా?" అంటుంది. తల నుంచి కాళ్ళ దాకా ఒకసారి చూస్తుంది. అతను సంచీలో తవుడు పోయిస్తే పుచ్చుకుని వెళ్ళిపోతుంది. ఇంట్లో గేదె ఉంది కాబోలని తవిటయ్య ఎప్పుడూ అనుకునేవాడు.

"పేరు మార్చుకోకు బాబూ."

"ఎందుకూ?"

"నీ ముందు పుట్టినోళ్ళు ఒక్కళ్ళూ దక్కలేదు. నీకా పేరుండబట్టే చావు నిన్ను ఆనవాలు పట్టలేదు. అది తీసేస్తే ఎలా నాయనా?"

ఆ కథ తవిటయ్యకీ తెలుసు. పుట్టినవాళ్ళు పుట్టినట్టే పోతుంటే, ఇతన్ని చేటలో పెట్టి ఎవరో ఆవిడ చేతికిచ్చేశారు. వెంటనే చేటెడు తవుడిచ్చి వెనక్కి తెచ్చుకున్నారు. కన్నబిడ్డ కాదు, కొన్నబిడ్డ అని చావుని ఏమార్చడానికి. పేరు అలా వచ్చింది.

"యముడు ఆధార్ కార్డు చూసి తీసుకెళ్తాడేంటి మామ్మా?"

పైనున్న దొరబాబు పకపకా నవ్వాడు. నిచ్చెన ఊగింది.

అచ్చియ్యమ్మ నవ్వలేదు.

"నీకు దణ్ణం పెడతాను బాబూ. నా మాట విను."

"నా పేరు, నా మిల్లు. మధ్యలో నీకేంటి?" తవిటయ్య గొంతు లేచింది. "తవుడు కావాలా? రెండు సంచులు పట్టుకెళ్ళు. ముందు నిచ్చెన వదులు!"

ఆమె చేతులు వాటంతటవే జారిపోయాయి.

"నాకేం లేదు నాయనా," అంది. "చల్లగా ఉండు."

తవుడు తీసుకోకుండానే వెళ్ళిపోయింది.

బోర్డు ఎక్కింది. చీకటి పడేసరికి ఎర్రగా వెలిగింది కూడా. ఎంత ఎర్రగానంటే, కాలవలో చేపలు తెల్లారిందనుకుని లేచాయని దొరబాబు నలుగురికీ చెప్పాడు.

తొలకరి పడ్డాక, పెనుగొండ నుంచి మేనత్త రత్నమాణిక్యం వచ్చింది. బోర్డు చూసి గేటు దగ్గరే ఆగిపోయింది.

"పేరు మార్చావా? అచ్చియ్యమ్మకి చెప్పావా?"

"ఆవిడకి చెప్పేదేంటి అత్తా? గేదెకి తవుడు అడుక్కునే మనిషికి?"

"గేదేంట్రా? దానింట్లో కోడిపిల్ల కూడా లేదు." మేనత్త కొంగుతో ముఖం తుడుచుకుంది. "ఇంక చెప్పాలన్నా చెప్పలేవులే. మొన్న పోయింది. ఆ కబురు వినే వచ్చాను."

తవిటయ్య లోపలికెళ్ళాడు. కుర్చీ తెచ్చి వేశాడు. ఆమె కూర్చోలేదు.

"నిన్ను చేటలో పెట్టుకుని మీ అమ్మ ఈ ఊళ్ళో తొక్కని గడప లేదురా. నిన్ను పుచ్చుకునేది పిల్లలున్న తల్లే అవ్వాలి. పుచ్చుకుంటే మనింటి చావు వాళ్ళింటికొస్తుందని భయం. అయినవాళ్ళతో సహా అందరూ తలుపులేసుకున్నారు."

"మరి?"

"మన చేలో వరి ఊడ్పులకొచ్చిన మనిషి అచ్చియ్యమ్మ. దానికి చంకలో ఒక్కగానొక్క పిల్లాడు. 'ఇలా తేండమ్మా, పసిగుడ్డుకి దోషమేంటి' అంది. వాణ్ణి గట్టు మీద దింపి, చేతుల బురద కడుక్కొచ్చి నిన్నందుకుంది. నిన్ను గుండెకి హత్తుకుని, తవిటయ్యా అని మొదట పిలిచింది మీ అమ్మ కాదురా, అదే. చీర పెట్టబోతే వద్దంది. తవుడు పుచ్చుకోకపోతే బేరం చెల్లదు కాబట్టి అది మాత్రం పట్టుకెళ్ళింది."

తవిటయ్య గేటు పట్టుకున్నాడు. ఇన్నేళ్ళూ ఆ గేటు దాటి లోపలికి రమ్మని ఆమెని ఒక్కసారీ పిలవలేదు.

"అన్నిసార్లొచ్చింది కదత్తా. ఒక్కసారైనా నోరు విప్పలేదేంటి?"

"చెప్పకూడదని మాచేత కూడా ఒట్టేయించుకుంది. తెలిస్తే కుర్రాడు బతికినన్నాళ్ళూ కుమిలిపోతాడంది."

"నేనెందుకు కుమిలిపోతాను?"

రత్నమాణిక్యం మేనల్లుడి చెయ్యి తన చేతిలోకి తీసుకుంది.

"నిన్నందుకున్న నెల తిరక్కుండానే, దాని పిల్లాడు పోయాడ్రా."