శవానికి చక్కిలిగింతలు

"కట్! వెర్నా, శవం ఎక్కడైనా నవ్వుతుందా?" అని అరిచాడు దర్శకుడు మార్టీ. స్టూడియోలో కూర్చున్న ప్రేక్షకులు మళ్ళీ గొల్లుమన్నారు.

సగం మూత వేసిన శవపేటికలోంచి వెర్నా లేచి కూర్చుంది. ఈ సీనుతో కామెడీ సీరియల్లో ఆమె అత్త పాత్ర చచ్చిపోతుంది, ఆమె కొలువూ పోతుంది.

"బుద్ధిగా చద్దామనే చూస్తున్నాను బాబూ. ఎవరో మేజోడు లాగేసి మరీ చక్కిలిగింతలు పెడుతున్నారు!"

కాళ్ళ దగ్గర నిలబడి ఏడుస్తున్నది కోడలి వేషం వేసే లొరెయిన్ ఒక్కతే. "ఈ ముసల్ది ఎప్పుడు పోతుందో" అని సెట్లో రోజూ సణిగే మనిషి.

"జనం ఇంతలా నవ్వుతుంటే చంపడమెందుకు? మూర్ఛపోయిందని రాసేస్తాను," అన్నాడు రచయిత.

వెర్నా లొరెయిన్ వైపు తిరిగింది. "నేను పోతే నీకు పీడ విరగడయ్యేది కదే?"

"కాలు ఇలా పెట్టు, చల్లబడిపోయింది," అంది లొరెయిన్, తన నల్ల కోటు జేబులోంచి మేజోడు తీస్తూ.