కొమురెల్లి ఎంక్వైరీ

పొద్దున్నే ఉప్పల్ చౌరస్తాలో, టీ కొట్టు ముందు బెంచీ తట్టుకుని డిటెక్టివ్ కొమురెల్లి బోర్లా పడ్డాడు. పెట్టుడు మీసం ఊడి ఎవరి టీ గ్లాసులోనో తేలింది. అందరూ నవ్వారు. లేపి మంచినీళ్లు ఇప్పించింది మాత్రం గిరిధర్.

కొమురెల్లి రహస్యంగా వెంబడించాల్సిన పెళ్లికొడుకు అతనే.

ఆటోలో కొంగు కప్పుకుని చూస్తున్న మంగతాయారు తల కొట్టుకుంది. అందరూ బంగారమన్న మొదటి అల్లుడు మూడు నెలలకే ఆమె కూతురు మనస్విని చెయ్యి విరిచాడు. ఇప్పుడీ రెండో సంబంధానికి సాయంత్రంలోగా జవాబు చెప్పాలి. ఏరికోరి ఈ డిటెక్టివునే పెట్టుకున్నానా అని విసుక్కుంది.

మధ్యాహ్నం భోజనాల వేళ, నాచారం. ఈసారి కొమురెల్లికి గడ్డం, టోపీ. గిరిధర్ మేనేజరుతో కలిసి ఫ్యాక్టరీ గేటు దాటుతుంటే, తను వెనక్కి వెనక్కి నడుస్తూ పోయి మురుగు మోరీలో కూలబడ్డాడు. యాభై ఎనిమిదేళ్ల మోకాళ్లు. లేవలేకపోయాడు. గిరిధర్ తెల్లచొక్కా కూడా చూసుకోకుండా అతన్ని పైకి లాగాడు. కాస్త చూసి నడవండి పెద్దాయనా అన్నాడు. మేనేజరు గిరిధర్ భుజం తట్టాడు.

ఆటోలోంచి చూస్తున్న మంగతాయారు మనసు కుదుటపడింది. అబ్బాయి బంగారం, ఇక మీరు ఇంటికెళ్లి కాపడం పెట్టుకోండి అంది.

"పిలగాని ఇల్లు గూడ జూసొస్తనమ్మా" అన్నాడు కొమురెల్లి, బురద ఓడుతూ. వద్దన్నా వినలేదు.

సాయంత్రం ఆటో రోడ్డు మీదే ఆగింది. గిరిధర్ ఇంటిదారిలో, ఫ్యాక్టరీల వెనక సందులో నరసంచారం లేదు. గిరిధర్ బండి మీద వస్తున్నాడు. కింద అరటితొక్కయినా లేదు, కొమురెల్లి జారి అతని ముందు వెల్లకిలా పడ్డాడు. గిరిధర్ బండి ఆపాడు. అటూ ఇటూ చూశాడు. పడ్డవాడి కాళ్ల పక్కనుంచి బండి పోనిచ్చి వెళ్లిపోయాడు. గుర్తుపట్టలేదు కాబోలు, కొమురెల్లి బతికిపోయాడు.

గోడ పట్టుకుని తనే లేచాడు. ఒళ్లంతా పులిసిపోయింది. కుంటుతూ ఆటో దగ్గరికి వచ్చేసరికి మంగతాయారు పెళ్లివారికి ఫోను కలుపుతోంది.

"వద్దమ్మా" అన్నాడు సీట్లో కూలబడుతూ.

ఆమెకు ఒళ్లు మండింది. "పొద్దుటినుంచీ పడడం తప్ప మీరు కనిపెట్టిందేముందండీ? రెండుసార్లూ ఆ అబ్బాయే కదా లేపింది."

కొమురెల్లి మోకాలు ఒత్తుకున్నాడు.

"నలుగురి ముంగట రెండుసార్లు పడి సూసిన, లేపిండు, ఎవ్వరు లేనికాడ గూడ లేపుతడా అని సూసేతందుకే ఆ సందు ఎంచుకొని పడ్డనమ్మా."